పాత కారుకి టైమింగ్ బెల్టు మార్కులు తప్పు లేకుండా కలపడం ఎలా

సాలూరు దాటి సుంకి ఘాటీ ఎక్కుతుంటే మీ పాత కారు సెకండ్ గేర్లోనే ఆయాసపడుతోందా? ప్లగ్గులు మార్చారు, కార్బొరేటర్ విప్పి కడిగించారు, పెట్రోలు ఫిల్టరు కొత్తది వేశారు, అయినా లాగుడు రాలేదా? అయితే ఆఖరుసారి టైమింగ్ బెల్టు ఎప్పుడు మార్చారో ఒకసారి గుర్తుతెచ్చుకోండి. ఇంజన్ అడుగున పిస్టన్లు తిప్పే క్రాంకునీ, పైన వాల్వులు తెరిచి మూసే క్యామ్‌నీ కలిపి తిప్పే పళ్ళ బెల్టది. ఆ రెంటి పుల్లీల మీద ఉండే గుర్తులే మార్కులు. బెల్టు మార్చిన కొత్తలోనే ఈ బాధ మొదలైతే నా అనుమానం ముందు మార్కుల మీదికే పోతుంది.

విజయనగరంలో మా షెడ్డుకి పోయిన వర్షాకాలం ఒక మారుతీ 800 వచ్చింది. బండాయనది సాలూరు వైపు, స్కూలు మాస్టారు. మూడు నెలల కిందట వేరే చోట బెల్టు మార్పించారు. అప్పట్నుంచీ పికప్ లేదు, పెట్రోలు ఎక్కువ తాగుతోంది, పొద్దున్నే సెల్ఫ్ కొట్టగా కొట్టగా గానీ అందుకోదు. నేను బానెట్ ఎత్తి ముందుగా డిస్ట్రిబ్యూటర్ వైపు, అంటే ప్లగ్గులకి కరెంటు పంచే డబ్బా వైపు చూశాను. దాన్ని పట్టుకునే బోల్టు గాడికి ఒక చివర ఆనుకుని ఉంది. మామూలుగా అది మధ్యలో ఎక్కడో ఉంటుంది. టైమింగ్ కవరు విప్పి క్రాంకు మార్కు కలిపి చూస్తే, క్యామ్ మార్కు సరిగ్గా ఒక్క పన్ను వెనకబడి ఉంది.

"ఏటి మేస్త్రీ, ఒక్క పన్ను తప్పితేనే ఇలగైపోద్దేటి?" అన్నారాయన.

అవుతుంది మాస్టారూ. లెక్క చూడండి. క్రాంకు రెండు చుట్లు తిరిగితే క్యామ్ ఒక్క చుట్టు తిరుగుతుంది. అందుకే క్యామ్ పుల్లీకి క్రాంకు పుల్లీకంటే సరిగ్గా రెట్టింపు పళ్ళుంటాయి. క్యామ్ పుల్లీకి 40 పళ్ళున్నాయనుకుందాం. 360ని 40తో భాగిస్తే పన్నుకి 9 డిగ్రీలు. అది క్యామ్ లెక్క. క్రాంకు లెక్కలో 18 డిగ్రీలు. అంటే పిస్టన్ ఒక చోట ఉండాల్సిన టైముకి వాల్వు 18 డిగ్రీలు ఆలస్యంగా తెరుచుకుంటోంది, ఆలస్యంగా మూసుకుంటోంది. పిస్టన్ పైకి లేవడం మొదలెట్టాక కూడా ఇన్‌లెట్ వాల్వు తెరిచే ఉంటే, లోపలికి పీల్చుకున్న గాలి కొంత వెనక్కి పోతుంది. స్పీడు మీద ఇది పెద్దగా తెలియదు. నెమ్మదిగా, బరువుగా లాగాల్సిన ఘాటీలో మాత్రం బండి చతికిలబడుతుంది.

ఇంకొకటి. 800లో డిస్ట్రిబ్యూటర్‌ని తిప్పేది కూడా క్యామే. క్యామ్ క్రాంకు లెక్కలో 18 డిగ్రీలు వెనకబడితే స్పార్కు కూడా అంతే వెనకబడుతుంది. అప్పుడు ఎవరో డిస్ట్రిబ్యూటర్‌ని గాడి చివరిదాకా తిప్పి స్పార్కుని మాత్రం ముందుకి తెచ్చారు. వాల్వులు మాత్రం తప్పులోనే ఉండిపోయాయి. రోగం కనిపించకుండా కప్పిపెట్టినట్టయింది. అందుకే బెల్టు పని చేసేవాళ్ళకి నేను మొదట చెప్పే మాట: వాల్వు టైమింగ్ వేరు, ఇగ్నిషన్ టైమింగ్ వేరు. మొదటిది బెల్టు మార్కులతో కలుస్తుంది. రెండోది దాని తర్వాతే చూడాలి. మొదటిది తప్పితే రెండోదాన్ని ఎంత తిప్పినా బండి బాగుపడదు.

మీ బండికి బెల్టు ఉందా, చైను ఉందా

అంబాసిడర్, ప్రీమియర్ పద్మిని లాంటివాటికి లోపల చైను. కె సిరీస్ ఇంజన్ వచ్చిన తర్వాతి మారుతీలకీ చైనే. బెల్టు ఉండేది 800, ఓమ్ని, పాత ఆల్టో, జెన్, ఎస్టీమ్, పాత శాంత్రో, మొదటి తరం హోండా సిటీ లాంటివాటికి. 1983 చివర్లో మొదటి 800 రోడ్డెక్కితే, 2014 జనవరిలో తయారీ ఆగింది. మన వైపు పల్లెల్లో ఇవి ఇప్పటికీ బోలెడు తిరుగుతున్నాయి కాబట్టి నేను ఎక్కువగా దాన్ని మనసులో పెట్టుకునే చెబుతున్నాను.

డీజిల్ బండ్ల సంగతి వేరు. ఇండికా డీజిల్, జెన్ డీజిల్, ఎస్టీమ్ డీజిల్ వీటికీ బెల్టే. కానీ వాటిలో క్రాంకు, క్యామ్‌తోపాటు డీజిల్ పంపు పుల్లీని కూడా మార్కుకి కలపాలి. డీజిల్‌లో పిస్టన్‌కీ వాల్వుకీ మధ్య ఖాళీ చాలా తక్కువ. పొరపాటు జరిగితే హెడ్డు, అంటే వాల్వులుండే ఇంజన్ పైభాగం, దించాల్సిందే. డీజిల్ మీద మొదటిసారి చెయ్యి వేసేవాళ్ళు పక్కన తెలిసినవాళ్ళని పెట్టుకుని చెయ్యండి.

పెట్రోలు ఇంజన్లలో కొన్నింట బెల్టు తెగినా వాల్వులు పిస్టన్లకి తగలవు, కొన్నింట తగులుతాయి. మీ ఇంజన్ ఏ రకమో కంపెనీ సర్వీసు పుస్తకంలో చూసి నిర్ధారించుకునేదాకా తగులుతుందనే అనుకుని పని చెయ్యండి. ఆ భయం మీకు మేలే చేస్తుంది.

విప్పే ముందు

ఇంజన్ పూర్తిగా చల్లారాలి. రాత్రి ఆపిన బండిని పొద్దున్నే మొదలెడితే మంచిది. వేడిమీద అల్యూమినియం హెడ్డు వ్యాకోచించి ఉంటుంది, బెల్టు బిగువు తప్పుగా వస్తుంది. చదునైన నేల, హ్యాండ్ బ్రేకు, వెనక చక్రాలకి రాళ్ళు, గేరు న్యూట్రల్. బ్యాటరీ నెగటివ్ వైరు తీసెయ్యండి. బెల్టు ఊడి ఉన్నప్పుడు పిల్లలెవరైనా వచ్చి తాళం తిప్పితే ఏమవుతుందో నేను చెప్పక్కర్లేదు.

బెల్టు ఉన్న వైపు ముందు చక్రం తీసి, లోపలి రేకు గానీ ప్లాస్టిక్ మూత గానీ ఉంటే విప్పండి. దీనికి బద్ధకించకండి. పైనుంచి తొంగిచూసి కింది మార్కు కలపాలనుకోవడమే సగం తప్పులకి కారణం. చక్రం తీస్తే క్రాంకు పుల్లీ మీ ముఖానికి ఎదురుగా ఉంటుంది. బండిని జాకీ మీదే వదిలి కింద దూరకండి, స్టాండు పెట్టండి. ఓమ్నికైతే ఇంజన్ ముందు సీట్ల కింద ఉంటుంది కాబట్టి సీట్లు తీసుకోవాలి.

స్పార్క్ ప్లగ్గులన్నీ ఊడదీయండి. ప్లగ్గులుంటే కాంప్రెషన్ వల్ల క్రాంకు తిరగడం కష్టం, తిప్పితే ఒక్కసారి జారి ముందుకి దూకుతుంది. ప్లగ్గులు లేకపోతే పానాతో వేలి బలంతో ఒక్కో డిగ్రీ తిప్పుకోవచ్చు. ప్లగ్గు గుంటల చుట్టూ ఉన్న మట్టి ముందే ఊదేసుకోండి. మన తీరప్రాంతంలో ఇసుక ఎక్కడైనా చేరుతుంది. కళింగపట్నం, భావనపాడు వైపు తిరిగే బండ్లకి ఉప్పుగాలి వల్ల చిన్న బోల్టులు తుప్పుపట్టి పట్టేసి ఉంటాయి. ముందురోజు సాయంత్రమే వాటిమీద తుప్పు వదిలే ఆయిల్ కొట్టి ఉంచండి. తొందరపడి బలం పెడితే బోల్టు తల తెగి హెడ్డులోనే ఉండిపోతుంది. అప్పుడు బెల్టు పని పక్కనపెట్టి డ్రిల్లింగ్ పని మొదలెట్టాలి.

ఏ మార్కు దేనికి కలపాలి

ఇక్కడ కాస్త నిదానంగా చదవండి.

క్రాంకు దగ్గర రెండు రకాల మార్కులుంటాయి. బయట ఆల్టర్నేటర్ బెల్టు తిరిగే పుల్లీ అంచున ఒక గాటు ఉండొచ్చు, ప్లాస్టిక్ కవరు మీద డిగ్రీల గీతలుండొచ్చు. కొన్ని బండ్లలో ఆ మార్కు ఫ్లైవీల్ మీద ఉండి, గేర్‌బాక్స్ హౌసింగ్‌కి ఉన్న చిన్న కిటికీలోంచి కనిపిస్తుంది. ఇవి స్పార్కు టైమింగ్ చూసుకోడానికి. బెల్టు కలపడానికి కాదు. బయటి పుల్లీ, కవరు తీశాక లోపల పళ్ళున్న చిన్న పుల్లీ వస్తుంది. బెల్టు మార్కు దాని మీద ఉంటుంది. సుజుకీ ఇంజన్లలో అది చిన్న పంచ్ చుక్క. దానికి ఎదురుగా ఆయిల్ పంపు కేసు మీద బాణం గుర్తు పోతపోసి ఉంటుంది. చుక్క బాణానికి ఎదురుగా రావాలి. పుల్లీని షాఫ్టుకి పట్టి ఉంచే కీ ముక్క ఏ వైపుందో చూసి సర్దుకుపోవద్దు, చుక్కనే చూడండి.

పైన క్యామ్ పుల్లీ మార్కు వెనకున్న కవరు మీదో, హెడ్డు మీదో ఉన్న వి ఆకారపు గాటుకి కలవాలి. కొన్ని క్యామ్ పుల్లీల మీద ఒకటికి మించి గుర్తులుంటాయి, ఎందుకంటే అదే పుల్లీని కంపెనీ వేరే ఇంజన్లకి కూడా వాడుతుంది. వాటిలో మీ ఇంజన్‌ది ఏదో పుస్తకం చూసే తేల్చుకోండి. ఊహించి ఎంచుకోవద్దు.

పాత బండ్లలో ఇంకో చిక్కుంది. ఇదివరకు పనిచేసినవాళ్ళు తెల్ల పెయింటుతోనో, నెయిల్ పాలిష్‌తోనో, ఉలితోనో తమ సొంత గుర్తులు పెట్టి ఉంటారు. మాస్టారి బండిలో క్యామ్ పుల్లీ మీద ఎర్ర నెయిల్ పాలిష్ చుక్క ఉంది. అది కవరు గాటుకి అద్దినట్టు కలిసే ఉంది. కంపెనీ గుర్తు మాత్రం నూనె, మట్టి కింద దాగి, ఒక పన్ను పక్కన ఉంది. బెల్టు మార్చినవాళ్ళు ఎర్ర చుక్కని నమ్మారు. ఆ చుక్క ఎప్పుడు, ఎందుకు పెట్టారో ఎవరికీ తెలియదు. కాబట్టి ముందు కిరోసిన్ గుడ్డతో పుల్లీలు, కవరు తుడవండి, కంపెనీ పోతపోసిన గుర్తు దొరికేదాకా వెతకండి. దొరికాక పాత పెయింటు గుర్తులన్నీ గోకేయండి. కంపెనీ గుర్తు లోపల సుద్దముక్కతో రుద్ది, పైన తుడిచేస్తే తెలుపు గాడిలో నిలిచి స్పష్టంగా కనిపిస్తుంది.

పాత బెల్టు మీద గీతలు గీసి, పళ్ళు లెక్కపెట్టి, అవే గీతలు కొత్త బెల్టు మీదికి దింపడం మంచి పద్ధతే. కానీ పాతది సరిగ్గా ఉందని ముందు తేల్చుకున్నాకే. లేకపోతే పాత తప్పుని జాగ్రత్తగా కాపీ చేసినట్టే.

పాత బెల్టు తీయకముందే మార్కులు కలపండి

క్రాంకు బోల్టుకి సాకెట్టు వేసి, ఇంజన్ తిరిగే దిక్కునే తిప్పండి. సుజుకీలకి బెల్టు వైపు నిలబడి చూస్తే గడియారం ముల్లు తిరిగే దిక్కు. మొదటి తరం హోండా సిటీ ఇంజన్ దానికి ఎదురు తిరుగుతుంది, ఆ బండివాళ్ళు గుర్తుంచుకోండి. క్యామ్ బోల్టు పట్టుకుని ఇంజన్ని తిప్పకండి. బెల్టు ఆ బరువు మొయ్యడానికి లేదు, బోల్టు కూడా వదులవుతుంది.

మార్కు దాటి ఒక డిగ్రీ ముందుకి పోతే వెనక్కి లాగకండి. ఇంకో రెండు చుట్లు తిప్పి మళ్ళీ రండి. వెనక్కి తిప్పితే బెల్టు వదులు వేరే వైపుకి పోతుంది, మీరు చూసేది నిజమైన స్థితి కాదు.

క్రాంకు చుక్క బాణం దగ్గరకొచ్చి, క్యామ్ మార్కు మాత్రం గాటు దగ్గర కాకుండా పుల్లీ అవతలి వైపు కింద కనిపిస్తే కంగారుపడకండి. ఇంకో చుట్టు తిప్పండి. క్రాంకు ప్రతి చుట్టుకీ మార్కుకి వస్తుంది, క్యామ్ రెండు చుట్లకోసారి. రెండూ కలిసి వచ్చేది ఆ ఒక్క చోటే.

పిస్టన్ నిజంగా పైకొచ్చిందో లేదో చూడాలనిపిస్తే పొడుగాటి ప్లాస్టిక్ జిప్ టై ఒకటి ప్లగ్గు గుంటలోంచి దింపి పట్టుకోండి. క్రాంకు నెమ్మదిగా తిరుగుతుంటే అది వేళ్ళ మధ్య పైకి లేస్తూ లేస్తూ, ఒక చోట నిలిచి, మళ్ళీ దిగడం మొదలెడుతుంది. ఆ నిలిచే చోటే టాప్. స్క్రూడ్రైవర్, ఇనప చువ్వ మాత్రం వద్దు, అడ్డంపడితే పిస్టన్ గీసుకుపోతుంది. చీపురుపుల్ల విరిగి లోపల పడుతుంది. టాప్ దగ్గర పిస్టన్ కొన్ని డిగ్రీలపాటు కదిలినట్టే ఉండదు కాబట్టి దీంతో మార్కు కలిపేశానని అనుకోవద్దు. చుక్క సరైనదేనా అని పోల్చుకోడానికి మాత్రమే.

రెండు మార్కులూ కలిశాక ఫోనులో ఫొటోలు తీసుకోండి. ఎదురుగా, కన్ను మార్కు ఎత్తుకి తెచ్చి తీయండి. పైనుంచి వంగి చూస్తే అరపన్ను తేడా ఉన్నట్టు, పక్కనుంచి చూస్తే కలిసినట్టు కనిపిస్తుంది. కింద ఇరుకు చోట చిన్న అద్దం పెట్టి చూసేవాళ్ళం మేము, ఇప్పుడు ఫోను కెమెరా ఆ పని ఇంకా బాగా చేస్తోంది.

బెల్టు తీసి కొత్తది వేయడం

టెన్షనర్, అంటే బెల్టుని నొక్కి బిగువుగా ఉంచే చక్రం. దాని బోల్టు వదులు చేసి, టెన్షనర్‌ని స్ప్రింగుకి ఎదురు నెట్టి, అక్కడే బిగించండి. బెల్టు వదులవుతుంది. ముందు క్యామ్ మీంచి, తర్వాత కిందినుంచి తీయండి.

బెల్టు తీసిన క్షణం క్యామ్ మీద చూపు ఉంచండి. వాల్వు స్ప్రింగుల ఒత్తిడికి అది టక్కున పక్కకి తిరిగిపోవచ్చు. వాల్వుల్ని నొక్కే రాకర్లకి స్క్రూ ఉండే ఇంజన్లలో టాపెట్ కవరు తీసి, అన్ని టాపెట్ స్క్రూలూ వెనక్కి వదులు చేసుకుంటే క్యామ్ కుదురుగా, తేలిగ్గా తిరుగుతుంది. అలా చేస్తే పని ఆఖర్న టాపెట్ క్లియరెన్స్ మళ్ళీ గేజీతో పెట్టుకోవాలి. ఎలాగూ పాత బండికి అది చేయించాల్సిన పనే.

క్యామ్ బాగా తిరిగిపోయి దాన్ని దూరం నుంచి మార్కుకి తేవాల్సి వస్తే, ముందు పిస్టన్లు వాల్వులకి దూరంగా ఉండేలా క్రాంకుని కొంచెం తిప్పి పెట్టాలి. దీనికి పావు చుట్టు అని అందరూ చెబుతారు. నాలుగు సిలిండర్ల ఇంజన్‌కి అది నిజమే, నాలుగు పిస్టన్లూ దాదాపు సగం ఎత్తులో నిలుస్తాయి. మూడు సిలిండర్ల 800కి మాత్రం పావు చుట్టు తప్పు. దాని పిస్టన్లు ఒకదానికొకటి 120 డిగ్రీల దూరంలో ఉంటాయి. ఒకటో పిస్టన్‌ని టాప్ నుంచి 90 డిగ్రీలు తిప్పితే, మిగతా రెంటిలో ఒకటి టాప్‌కి 30 డిగ్రీల దగ్గరకి వచ్చేస్తుంది. 800కి 60 డిగ్రీలు, అంటే చుట్టులో ఆరో వంతు తిప్పండి. అప్పుడు ఏ పిస్టనూ టాప్‌కి 60 డిగ్రీలకంటే దగ్గరగా ఉండదు. క్యామ్ మార్కుకి చేరాక క్రాంకుని తీసిన దారిలోనే మళ్ళీ చుక్కకి తెచ్చుకోండి.

కొత్త బెల్టు వేసే ముందు రెండు ఆయిల్ సీళ్ళు చూడండి. క్యామ్ సీలు, క్రాంకు ముందు సీలు. చెమ్మ కనిపిస్తే మార్చెయ్యండి. ఆయిలు తగిలిన రబ్బరు మెత్తబడి పళ్ళు ఊడతాయి. చిన్న సీలుకి కక్కుర్తిపడి కొత్త బెల్టు పోగొట్టుకోవడం నాకు బాధనిపిస్తుంది. టెన్షనర్ బేరింగుని వేలితో తిప్పండి. గరగరమన్నా, పొడిగా ఈజీగా గిర్రున తిరిగేసినా అందులో గ్రీజు అయిపోయినట్టే, మార్చండి. టైమింగ్ బెల్టుతోనే వాటర్ పంపు తిరిగే ఇంజన్ అయితే దాన్నీ ఇప్పుడే చూసుకోవాలి.

బెల్టుని మడత పెట్టకండి, మెలిపెట్టకండి, లోపలివైపు బయటికి తిప్పకండి. లోపలి దారాలు విరుగుతాయి, బయటికి ఏమీ కనిపించదు. దాని మీద బాణం ఉంటే అది ఇంజన్ తిరిగే దిక్కుకి ఉండాలి.

ఇప్పుడు అసలు పని. బెల్టుని కింద క్రాంకు పుల్లీకి ఎక్కించి, టెన్షనర్ లేని వైపునుంచి బిగువుగా పైకి తెచ్చి, క్యామ్‌కి ఎక్కించి, ఆఖర్న టెన్షనర్ వైపు దింపండి. వదులంతా టెన్షనర్ వైపే ఉండాలి. ఎందుకంటే నడిచేటప్పుడు బరువు లాగేది టెన్షనర్ లేని వైపు. అక్కడ వదులు మిగిలితే, టెన్షనర్ వదలగానే అది లాక్కుని క్యామ్ మార్కు అరపన్నో, పన్నో జరుగుతుంది.

చాలామంది చేతులెత్తేసేది ఇక్కడే. రెండు మార్కులూ కచ్చితంగా కలిసే ఉంటాయి, కానీ బెల్టు పన్ను క్యామ్ గాడికి సగం మీద వచ్చి కూర్చుంటుంది. దూరదు. అప్పుడు క్యామ్‌ని పానాతో పట్టుకుని, పన్ను గాడిలోకి జారేంతవరకు మాత్రమే, సగం పన్నుకంటే తక్కువే, కదిపి ఎక్కించండి. ఎక్కాక క్యామ్‌ని బెల్టు బిగువయ్యే వైపు మెల్లగా తెచ్చి చూస్తే మార్కు దాని చోటుకి వచ్చేస్తుంది. రాకపోతే మీరు ఒక పన్ను అటో ఇటో వేశారు, తీసి మళ్ళీ వెయ్యండి. మూడుసార్లు తీసి వేసినా సిగ్గుపడాల్సిన పని కాదిది.

బిగువు

టెన్షనర్ బోల్టు వదలండి, స్ప్రింగు తన బలంతో బెల్టుని నొక్కుతుంది. స్ప్రింగుకి సాయంగా స్క్రూడ్రైవర్ పెట్టి మీటకండి. ఎంత నొక్కాలో స్ప్రింగు తయారుచేసినవాళ్ళు లెక్క వేసే పెట్టారు. మరీ పాత స్ప్రింగు సాగిపోయి ఉంటే కొత్తది వెయ్యండి, పెద్ద ఖర్చు కాదు.

టెన్షనర్ వదులుగానే ఉంచి క్రాంకుని తిరిగే దిక్కులోనే రెండు చుట్లు తిప్పండి. మిగిలిన వదులంతా టెన్షనర్ వైపుకి చేరుతుంది, స్ప్రింగు అందుకుంటుంది. మార్కు దగ్గరకి తెచ్చి ఆపి, అప్పుడు బోల్టు బిగించండి. పుస్తకంలో చెప్పిన టార్కుకి, అంటే బిగింపు కొలతకి, టార్క్ రెంచితో. లోపల అల్యూమినియం మర, చేతి బలం చూపించే చోటు కాదు.

పొడుగ్గా ఉన్న వైపు బెల్టుని బొటనవేలు, చూపుడువేలు మధ్య పట్టుకుని మెలితిప్పి చూడండి. దాదాపు పావు చుట్టు తిరిగి ఆగితే సరిపోయినట్టు. ఇది చేతి అంచనా మాత్రమే, పుస్తకంలో కొలత ఉంటే అదే లెక్క. బెల్టు మరీ బిగువైతే ఇంజన్ స్పీడు పెరిగేకొద్దీ సన్నగా కూత వేస్తుంది, బేరింగులు తొందరగా పోతాయి. వదులైతే కవరుకి టపటపా కొట్టుకుంటుంది, ఏదో ఒక రోజు పన్ను దాటేస్తుంది.

సెల్ఫ్ కొట్టే ముందు చేత్తో రెండు చుట్లు

ఈ ఒక్క పనీ మానేయకండి. మిగతా అంతా తొందరలో చేసినా, ఇది చేస్తే మీ తప్పు మీకే దొరుకుతుంది.

బోల్టులు బిగించాక, ప్లగ్గులు ఇంకా వేయకముందే, క్రాంకుని చేత్తో నెమ్మదిగా రెండు పూర్తి చుట్లు తిప్పండి. మీ చెయ్యి ఏం చెబుతోందో వినండి. వాల్వు స్ప్రింగుల వల్ల ఒక చోట కాస్త బరువుగా, తర్వాత తేలిగ్గా తిరుగుతుంది. అది మెత్తటి బరువు. అలా కాకుండా ఇనుము ఇనుముకి తగిలినట్టు ఠక్కున ఆగితే అక్కడే ఆపండి. ఒక్క మిల్లీమీటరు కూడా బలవంతంగా ముందుకి నెట్టకండి. పిస్టన్‌కి వాల్వు తగులుతోంది. వెనక్కి తెచ్చి, బెల్టు తీసి మొదటినుంచీ రండి. పానాకి పొడుగు పైపు తగిలించి తిప్పడం నాకు ఇష్టం లేనిది అందుకే. పైపుంటే ఆ చిన్న తగులుడు చేతికి తెలియదు.

రెండు చుట్లూ తేలిగ్గా తిరిగి, క్రాంకు చుక్క బాణానికి ఎదురుగా వచ్చాక, క్యామ్ మార్కు చూడండి. కన్ను మార్కు ఎత్తుకి తెచ్చి చూడండి. కలిసిందా? ఇంకో రెండు చుట్లు తిప్పి మళ్ళీ చూడండి. మాస్టారి బండికి నేను ఆరు చుట్లు తిప్పాను, ప్రతి రెండు చుట్లకీ ఆయన్నే పిలిచి చూపించాను. మొదటిసారి ఆయనకి ఏది ఏమిటో తెలియలేదు. మూడోసారి ఆయనే వంగి, కళ్ళజోడు తుడుచుకుని, "చుక్క బాణం మీదుంది, పైన గీత గాట్లో ఉంది" అన్నారు. బండి ఎవరిదో వాళ్ళు కూడా చూసి ఒప్పుకోవాలని నా పట్టుదల.

మార్కు వెంట్రుకవాసి అటూ ఇటూ ఉంటే అది బెల్టు సాగుదల, పర్వాలేదు. ఒక పన్నులో సగం తేడా కనిపిస్తే ఊరుకోకండి. అటు ఒక పన్ను, ఇటు ఒక పన్ను వేసి చూడండి, ఏది దగ్గరగా వస్తే అది. మూడింటిలోనూ ఏదీ సరిగ్గా రాకపోతే మీరు చూస్తున్న మార్కే తప్పు, లేదా బెల్టు వేరే బండిది. కొత్త బెల్టు పళ్ళు, వెడల్పు పాతదానితో పక్కపక్కన పెట్టి లెక్కపెట్టండి. దుకాణాల్లో డబ్బా ఒకటి, లోపల బెల్టు ఇంకొకటి ఉండటం నేను చూశాను.

స్టార్టు చేశాక

కవర్లు, పుల్లీ, ప్లగ్గులు, బ్యాటరీ అన్నీ పెట్టాక స్టార్టు చెయ్యండి. కింది కవరు పెట్టేటప్పుడు దాని అంచు రబ్బరు సరిగ్గా కూర్చోబెట్టండి. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను తర్వాత పలాస, టెక్కలి వైపునుంచి నీళ్ళలో నడిచొచ్చిన బండ్లు కొన్ని మా దగ్గరకొచ్చాయి. కవరు రబ్బరు లేనివాటిలో బెల్టు గాడుల నిండా బురద ఎండి, పళ్ళ అంచులు గీసుకుపోయి ఉన్నాయి.

మాస్టారి బండికి ఆఖర్న డిస్ట్రిబ్యూటర్‌ని గాడి మధ్యకి తెచ్చి, స్పార్కు పడ్డప్పుడల్లా మెరిసే టైమింగ్ లైటు పెట్టి స్పార్కు కలిపాను. పుస్తకంలో చెప్పిన ఐడిల్ స్పీడులో, అది చెప్పిన డిగ్రీకి. ఇప్పుడది గాడి మధ్యలోనే కుదిరింది. బెల్టు మార్కు సరిగ్గా ఉన్న బండికి స్పార్కు టైమింగ్ సులువుగా కలుస్తుంది. డిస్ట్రిబ్యూటర్ గాడి చివరికి పోతే తప్ప కలవకపోతే, మళ్ళీ బెల్టు కవరు విప్పండి.

ఐడిల్‌లో వణుకు లేకుండా నిలబడాలి. యాక్సిలరేటర్ ఒక్కసారి నొక్కి వదిలితే కార్బొరేటర్ నుంచి టప్‌మని వెనక్కి కొట్టకూడదు. కవరు దగ్గర చెవి పెట్టి కూత గానీ రాపిడి గానీ ఉందేమో వినండి. చేతులు, తువ్వాలు, చొక్కా అంచులు మాత్రం ఫ్యాను బెల్టుకి దూరంగా. తర్వాత ఊరి బయటికి తీసుకెళ్ళి, ఎత్తు రోడ్డు మీద లాగి చూడండి.

బెల్టు మార్చిన తేదీ, కిలోమీటర్ల రీడింగు ఒక స్టిక్కరు మీద రాసి, బానెట్ లోపల అంటించండి. పాత బండ్ల పుస్తకాల్లో చాలావరకు 60 వేల నుంచి లక్ష కిలోమీటర్ల మధ్య మార్చమని ఉంటుంది. కానీ ఏడాదికి నాలుగు వేలు కూడా తిరగని బండికి కిలోమీటర్లు లెక్క కాదు. రబ్బరు వయసుతోనే పగుళ్ళిస్తుంది. తీసిన పాత బెల్టు ఎంత బాగా కనిపించినా స్పేరుగా డిక్కీలో దాచకండి. మధ్యలోకి కత్తిరించెయ్యండి, అప్పుడు ఎవరూ మళ్ళీ ఇంజన్‌కి వేయలేరు. మాస్టారు ఆ ముక్కని చేను గేటు కట్టుకోడానికి పనికొస్తుందని పట్టుకెళ్ళారు.